సండాసు గోడ మీద పదహారు నలభైయేడు

సండాసు గోడల మీద, అంటే మరుగుదొడ్డి గోడల మీద, రాసేవాళ్లు ఈ భూమ్మీద ఎంతమంది ఉన్నారో నాకు తెలియదు. వాళ్లలో పట్టుబడినవాళ్లు చాలా తక్కువమందే అయి ఉంటారు. తాను రాసి, తన బదులు కన్నతండ్రిని పట్టించిన మహానుభావుణ్ణి మాత్రం నేనొక్కణ్ణేనని ఘంటాపథంగా చెప్పగలను. ఆ ఒక్క రాతతో మా బాపు పరువు, మా అవ్వ చాయ్‌పత్త, నా బీకాం డిగ్రీ మూడూ ఒకేసారి ఎట్లా మంటగలిశాయో చెబుతాను. నవ్వండి, ఫరవాలేదు. అప్పట్లో సగం గోదావరిఖని నవ్వింది. మీరు కూడా నవ్వితే కొత్తగా పోయేదేమీ లేదు.

ముందు మా బాపు సంగతి చెప్పాలి. పేరు ఓదెలు. మా దగ్గర బొగ్గు గనిని బాయి అంటారు. ఆ బాయిలో ఆయన టింబర్‌మన్, అంటే పైకప్పు కూలకుండా దుంగలు నిలబెట్టే మనిషి. ఒకసారి కప్పు చప్పుడు చేస్తే అందరూ వెనక్కి పరిగెత్తారనీ, మా బాపు మాత్రం దుంగ భుజాన వేసుకుని ముందుకు పోయాడనీ చెప్పుకునేవాళ్లు. బాపు ఆ మాట ఎన్నడూ తన నోటితో చెప్పలేదు. ఆయన చెప్పకపోవడం వల్లే ఆ కథ ఏటేటా పెరిగింది. నేను డిగ్రీలో చేరేసరికి ఆయన భుజాన ఒక దుంగ కాదు, నాలుగు దుంగలుండేవి.

ఇక మా అవ్వ. మా వైపు అవ్వ అంటే అమ్మ. కోస్తా పాఠకులు తొందరపడి ఆమెను ముసలిదాన్ని చేయవద్దని మనవి. ఆమె ఊరుకోదు.

రెండు వేల సంవత్సరం దాటిన కొత్తలో బాపు మోకాళ్లు మొరాయించాయి. దవాఖానలో డాక్టర్లు చూసి 'అన్‌ఫిట్' అని రాశారు. ఆ రోజుల్లో తండ్రి అన్‌ఫిట్ అయితే కొడుక్కి కొలువు దొరికే దారి ఒకటి ఉండేది. బీకాం పాసై, బస్టాండు దగ్గర పేపర్ల కొట్టు ముందు నిలబడి ఉద్యోగ ప్రకటనలు ఉచితంగా చదువుకుంటున్న నేను అట్లా బాయిలో బదిలీ వర్కర్‌నయ్యాను, అంటే ఎవరు రాకపోతే వాళ్ల బదులు దిగేవాణ్ణి. ఒక్క కాగితంతో బాపు అన్‌ఫిట్, నేను ఫిట్. ఆ కాగితం తలకిందులుగా పట్టుకుని సంతకం పెట్టి ఉంటారని నాకు ఇప్పటికీ అనుమానం.

ఈ కథలో అసలు నాయకుడు ఒక నంబరు. కంపెనీలో పనిచేసే మనిషికి పేరు ఇంటి వరకే, గడప దాటితే నంబరే. బాపు నంబరు 1647. పదహారు నలభైయేడు అంటారు. నాకు అక్షరాలు రాకముందే ఆ నంబరు వచ్చు. దవాఖాన చిట్టీ మీద అదే, క్వార్టర్ తలుపు మీద అదే, అవ్వ సత్తు టిఫిను డబ్బా మీద మేకుతో చెక్కింది కూడా అదే. చిన్నప్పుడు జ్వరంతో కళ్లు తేలేసి పడి ఉంటే, నర్సు వంగి "నీ పేరేందిరా?" అని అడిగిందట. "పదారు నలభైయేడు" అన్నానట. ఇది అవ్వ ఇప్పటికీ ఇంటికొచ్చిన ప్రతివాళ్లకూ చెబుతుంది.

బాపుకు చదువు రాదు. హాజరు వేసే మస్టర్ దగ్గర అందరి ముందూ వేలిముద్ర వేయడం నామోషీగా ఉందని ఒకసారి అవ్వతో అంటుంటే విన్నాను. అప్పుడు నేను మూడో తరగతి. పలక పట్టుకుని ఆయన ముందు కూర్చుని ఆ నాలుగంకెలూ దిద్దించాను. మా పంతులు ఏడు నడుముకు అడ్డంగా ఒక గీత గీసేవాడు. అందుకని నేనూ గీసేవాణ్ణి, నేను గీశాను కాబట్టి బాపూ గీసేవాడు. ఆ ఏడు నడుమును కాస్త గుర్తుపెట్టుకోండి.

నేను డ్యూటీలో చేరిన రోజు ల్యాంప్ రూం కిటికీ దగ్గర లైన్లో నిలబడ్డాను. నెత్తికి కట్టుకునే దీపాలు ఇచ్చేది అక్కడే.

"నంబరు?" అన్నాడు లోపలి మనిషి.

"పదారు నలభైయేడు."

"గా నంబరు మీ బాపుదిరా. నీది చెప్పు."

నాది నాకు గుర్తు రాలేదు. జేబులోంచి చిట్టీ తీసి, పద్యం అప్పజెప్పినట్టు చదివాను. వెనక నిలబడ్డ మొగిలి కాక నవ్విన నవ్వుకు దీపాల అద్దాలు పగులుతాయేమో అనుకున్నాను. మొగిలి కాక మా బాపు దోస్తు. సర్దార్, అంటే మా గ్యాంగుకు పెద్ద. ఆయన మామూలుగా మాట్లాడినా షిఫ్టు సైరన్ మోగినట్టే ఉండేది.

బాయిలోకి నడిచి దిగాలి. దిగుతుంటే వెనకాల వెలుగు కిటికీ అంత, తర్వాత అరచేతి అంత, తర్వాత రూపాయి బిళ్లంత అయి, చివరికి ఉండదు. అది పోగానే నా మోకాళ్లు నాకు సంబంధం లేకుండా వాటంతట అవే మాట్లాడుకోవడం మొదలుపెట్టేవి.

"ఏందిరా సదా, గట్ల నడుస్తున్నవ్?" అనేవాడు మొగిలి కాక.

"బూట్లు కరుస్తున్నయి కాకా."

"బూట్లు కరిస్తే మోకాళ్లెందుకు వణుకుతున్నయిరా?"

"కొత్త బూట్లు కాకా."

"అయితే సరే. ఓదెలు కొడుకువు, నీకేం భయం!" అని తనే జవాబు చెప్పుకుని ముందుకు పోయేవాడు. ఆ మాట వింటే నాకు ఏడుపొచ్చేది. నిజంగానే వచ్చేది. చీకట్లో ఎవరికీ కనబడదన్నదొక్కటే నాకు ఆ చీకటి చేసిన మేలు.

ఇంటికి వస్తే బాపు గుమ్మంలో కుర్చీ వేసుకుని ఎదురుచూస్తూ ఉండేవాడు.

"ఎట్లున్నదిరా బాయి?"

"మస్తున్నది బాపూ."

నేను ఆయనతో ఆడిన అబద్ధాలన్నిటిలో అదే చిన్నది, అదే బరువైంది కూడా. వద్దు, నేను దిగలేనంటే ఆయన ఇన్నేళ్ల కష్టం దండగైపోతుంది. ఊరుకుందామంటే, భయం ఏ రోజో నా ముఖం మీద బయటపడుతుంది. 'ఓదెలు కొడుకు పిరికోడట' అన్న మాట బాయిలో పుట్టిందా, కొలువు పోయాక ఆయనకు మిగిలిన ఒక్క ఆస్తి, ఆ నాలుగు దుంగల కథ, అదీ పోతుంది. ఎవరికో ఒకరికి చెప్పుకోకపోతే గుండె పగిలేట్టుంది. చెప్పుకుంటే ఊరంతా తెలుస్తుంది.

ఇట్లాంటి సమయంలోనే నేను మూడో సండాసును ఆశ్రయించాను.

ల్యాంప్ రూం వెనక సండాసులు వరుసగా ఉండేవి. మూడోదాని గోడ పెద్దది, గడియ గట్టిది. అడుగు తీసి అడుగు వేస్తే బొగ్గుముక్క, ఎదురుగా తెల్లగా సున్నం గోడ. పలకా, బలపమూ రెండూ కంపెనీయే ఇచ్చాక రాయకుండా ఉండటానికి మనమేమన్నా ఋషులమా? ఆ గోడ మీద లేని విషయం లేదు. బూతులు లేవని చెప్పను. కానీ అవి తక్కువ, తప్పులు ఎక్కువ.

'క్యాంటీన్ సమోసల ఆలుగడ్డ ఎటు పోయింది?' అని ఒకరు రాస్తే, కింద ఇంకొకరు 'లీవు మీద' అని రాశారు. 'అత్తగారింటికి పోవాలంటే పరేషాన్ అయితంది' అని ఒకరు. 'మీ అత్తకు గూడ' అని కింద. ఒక మూల మాత్రం చిన్న అక్షరాలతో 'నాకు బిడ్డ పుట్టింది. మూడో ఆడపిల్ల. అందరు అయ్యో అంటున్నరు. నాకు మస్తు సంబురమున్నది' అని ఉండేది. దాని చుట్టూ ఎన్ని చేతిరాతలో! 'సల్లగుండాలె.' 'మాలచ్చిమి.' 'మిఠాయి ఏదన్నా?' కొన్నాళ్లకు ల్యాంప్ రూం కిటికీలో లడ్డూల పొట్లం ఒకటి కనబడింది. ఎవరు పెట్టారో ఎవరూ అడగలేదు. అందరం తిన్నాం, ఎవరి ముఖం చూసినా ఆ బిడ్డ తండ్రిలాగే కనిపించాడు.

ఇప్పటికీ నాకు అనిపిస్తుంది, బయట ఒకడు సర్దార్, ఒకడు ఆఫీసర్, ఒకడు ఓదెలు కొడుకు. లోపల గడియ పెట్టుకున్నంతసేపు మాత్రం మనిషి ఉత్త మనిషి. అక్కడ ఏం చెప్పుకున్నా వినేవాళ్లకు మన ముఖం తెలియదు.

ఒక ఉదయం షిఫ్టుకు ముందు లోపలికి వెళ్లి, గడియ పెట్టి, రెండుసార్లు లాగి చూసుకుని, బొగ్గుముక్కతో ఇట్లా రాశాను: 'బాయి దిగాలంటే కాళ్లు వణుకుతున్నయి. ఎవలకు చెప్పుకోవాలె?'

రాశాక ఎంత హాయిగా ఉందో చెప్పలేను. ఆ రోజు మోకాళ్లు కూడా కాస్త తక్కువ మాట్లాడుకున్నాయి.

మర్నాడు వెళ్లేసరికి మూడో సండాసు ముందు పెద్ద లైను. పక్కన నాలుగూ ఖాళీ. లోపలికి వెళ్లినవాడు నవ్వుతూ బయటికి వస్తున్నాడు. అవసరానికి వెళ్లినవాడు అట్లా నవ్వుతూ రాడు. నా వాక్యం ఇంతమందిని కదిలించిందా అని, మీ దగ్గర దాచేదేముంది, కొంచెం గర్వపడ్డాను. అప్పుడు వినిపించింది.

"ఓదెలన్న రాసిండట!"

"ఏ ఓదెలన్న?"

"మన టింబర్ ఓదెలన్ననే. కింద నంబరు గూడ ఏసిండు."

"ఆయినెకు చదువు రాదు గదనే?"

"చదువు రానోడు గూడ రాసిండంటే ఎంత భయమైందో సూడు మరి!"

లైను తోసుకుని లోపలికి దూరాను. "అర్జంటా?" అని ఎవరో అరిచారు. గోడ చూశాను. నా వాక్యం కింద, దిట్టంగా, నడుముకు గీతతో సహా, 1647.

ఎప్పుడు వేశానో నాకే తెలియదు. పుట్టినప్పటినుంచీ కంపెనీకి సంబంధించిన ఏ గోడూ ఆ నంబరు వేయకుండా చెప్పుకోలేదు మేము. జ్వరమొస్తే నంబరు, పైపు లీకైతే నంబరు, దీపం వెలగకపోతే నంబరు. చెయ్యి తన అలవాటు ప్రకారం తన పని చేసుకుపోయింది. నాది ఆకాశరామన్న ఉత్తరమే, కాకపోతే కింద ఇంటి అడ్రసుంది.

అప్పటికే కింద జవాబులు మొదలయ్యాయి. 'అన్‌ఫిట్ అయినంక భయమేందే ఓదెలు బావా?' 'క్యాంటీన్ల చాయ్ తాగుటానికి గూడ భయమేనా?' ఇంకొకరు ఏకంగా నాలుగు దుంగల బొమ్మ గీసి, వాటికింద ఒక మనిషి పరిగెడుతున్నట్టు వేశారు.

జేబు రుమాలు తడిపి నంబరు మీద రుద్దాను. వాక్యాన్ని భయంభయంగా రాశాను గానీ నంబరును దవాఖాన చిట్టీ మీద వేసినంత ధీమాగా నొక్కి వేసినట్టున్నాను, సున్నంలోకి దిగిపోయింది. రుద్దినకొద్దీ ఇంకా నిగనిగలాడింది. దాని మీద బొగ్గు పులిమేస్తే అయిపోయేది కదా అని మీరంటారు. మీకు తట్టింది. బీకాం చదివిన నాకు తట్టలేదు. పైగా ఇప్పటికే అందరూ చదివేశారు, ఇక మార్చాల్సింది నంబరు కాదు, అర్థం అనుకున్నాను. అక్కడే చదువు నా కొంప ముంచింది.

వాక్యం ముందు 'ఎవలకన్న' అని చేర్చాను. 'వణుకుతున్నయి'లో గుడి కొట్టేసి దీర్ఘం పెట్టాను. 'ఎవలకు' తుడిచి 'నాకు' చేశాను. ఇప్పుడు గోడ మీద ఇట్లా ఉంది: 'ఎవలకన్న బాయి దిగాలంటే కాళ్లు వణుకుతున్నయా? నాకు చెప్పుకోవాలె. 1647.'

పిరికివాడైన ఓదెలు ఒక్క దీర్ఘంతో మళ్లీ ధీరుడైపోయాడు. బయట "ఇంకా ఎంతసేపురా?" అని తలుపు బాదుతున్నారు. నేను విజయగర్వంతో బయటికి వచ్చాను. ఆ గర్వం మర్నాడు సాయంత్రం దాకా ఉంది.

మర్నాడు సాయంత్రం మా ఇంటి ముందు ఒక సైకిలు ఆగింది. మీసం మెలితిప్పి చెవి దాకా పెంచుకున్న భారీ మనిషి దిగాడు. బాయిలో అందరూ ఆయన్ను చూస్తే పక్కకు తప్పుకునేవాళ్లు. వచ్చి బాపు పక్కన నేల మీద కూలబడ్డాడు.

"ఓదెలన్నా, నంబరు సూసి అచ్చిన. ఎవలకు చెప్పకే."

బాపుకు ఏమీ అర్థం కాలేదు. అయినా "చెప్తనా మరి?" అన్నాడు.

"డ్యూటీకి ఎళ్తుంటే మా చిన్నది బాపూ అని పిలుస్తది. ఇగ చూడు, నా కాలు లేవదు. బాయిల గూడ అదే పిలుపు. కప్పు చప్పుడైతే అదే పిలుపు. నవ్వుతున్నవా?"

"నవ్వుతలేనురా. చాయ్ తాగు," అన్నాడు బాపు.

ఆ మనిషి చాయ్ తాగి, మీసాలు తుడుచుకుని, ఏదో పెద్ద మూట దించుకున్నట్టు తేలిగ్గా వెళ్లిపోయాడు. ఆ తర్వాతి రోజు ఇద్దరు వచ్చారు. ఆ తర్వాత నేను లెక్కపెట్టడం మానేశాను. ఒకరికి నీళ్ల చప్పుడంటే భయం. ఒకరికి లోపల కాదు, బయటికి వచ్చాక ఇంట్లో ఏం వినాల్సి వస్తుందోనని భయం. బాపు అందరికీ ఒకటే మందు ఇచ్చాడు: "చాయ్ తాగు."

"ఓదెలన్న దగ్గర మందున్నదట" అని కాలనీలో మాట పాకింది. "ఏం మందు? నా చాయ్‌పత్త!" అని అవ్వ గిన్నెలు ఎత్తి కుదేసేది. "పొద్దుగూకితె చాలు, ఇంటి మీద పడుతున్నరు. అందరు మంచిగనే కనబడుతున్నరు, ఏం రోగమో!"

ఒక రోజు మొగిలి కాకే వచ్చాడు. నేను లోపలి గదిలో దుప్పటి కప్పుకుని దాక్కున్నాను. నా మోకాళ్ల గురించి చెప్పడానికే వచ్చాడనుకున్నాను. ఆ సైరన్ గొంతు ఆ రోజు చాలా చిన్నగా వినిపించింది.

"ఓదెలూ, నాకు బాయిల ఏం భయం లేదు. వచ్చే ఏడు కొలువు దిగిపోతున్న గద. గప్పుడు ఇంట్ల కూసోని ఏం చెయ్యాలెరా? పొద్దుగాల సైరన్ మోగుతది, నేనెటు పోవాలె?"

"నా తానకు రా," అన్నాడు బాపు. "చాయ్ తాగు."

కాక వెళ్లాక బాపు నన్ను పిలిచాడు. ఆయన ముఖం వెలిగిపోతోంది. అన్‌ఫిట్ అయినప్పటినుంచీ ఆ ముఖాన్ని అట్లా చూడలేదు.

"సూసినవారా సదా? కొలువు పోతే మనిషిని మరుస్తరనుకున్న. ఎవలు మరువలే. నంబరు యాది పెట్టుకుని మరీ అస్తున్నరు."

"అవును బాపూ" అన్నాను. నా భయం దాచుకోవడానికి చేసిన తప్పుడు పని ఆయనకు సంతోషమైంది. నిజం చెబితే నా సంగతే కాదు, ఆ సంతోషమూ పోతుంది.

ఈలోగా రాత్రి షిఫ్టుకు మనుషులు ఆలస్యంగా రావడం మొదలైంది. అండర్ మేనేజర్ ప్రసాదరావు గారు కారణం అడిగితే, ఒకడు నిజాయితీగా "ఓదెలన్న తానకు పోయినం సార్" అన్నాడు. ప్రసాదరావు గారిది గుంటూరు వైపు. చాలా గట్టి మనిషి. ఆయన కళ్లజోడు తీసి తుడిచారంటే ఎవడో సస్పెండయినట్టే లెక్క. ఆయన గోడ దగ్గరికి వెళ్లి చూసి వచ్చి, కళ్లజోడు తీసి తుడిచారు. బాపుకు కబురు వెళ్లింది. కొడుకును కాబట్టి నాకు, గ్యాంగు పెద్ద కాబట్టి మొగిలి కాకకు కూడా.

అట్లా ఒక మధ్యాహ్నం మేం నలుగురం మూడో సండాసు ముందు కొలువుదీరాం. ప్రసాదరావు గారు ముక్కుకు రుమాలు అడ్డం పెట్టుకున్నారు.

"ఏవయ్యా ఓదెలూ, ఏంటిదీ? ఇంటికెళ్లిపోయాక కూడా నా గనిలో దుకాణం పెట్టావా?"

"ఏం రాసున్నది సారూ?"

ప్రసాదరావు గారు రుమాలు తీసి, మా యాసను గుంటూరు గొంతుతో కష్టపడి చదివారు. బాపు విన్నాడు. రోజూ ఇంటికి వచ్చిన మనుషులంతా ఎందుకు వచ్చారో ఆయనకు అప్పుడు అర్థమైంది. ఆ వెలుగు ముఖంలోంచి మెల్లగా దిగిపోవడం నేను చూశాను. బాయిలోకి దిగేటప్పుడు వెనకాల వెలుగు పోయినట్టే పోయింది. ఆ క్షణంలో భూమి చీలి నన్ను మింగితే బాగుండుననుకున్నాను. మా ఊళ్లో భూమికి అన్ని చీలికలున్నా, నాకు కావలసినప్పుడు ఒక్కటీ దొరకలేదు.

బాపు గోడకు దగ్గరగా వెళ్లాడు. అక్షరాలు వదిలేసి అంకెల మీద వేలు పెట్టాడు. ఒకటి, ఆరు, నాలుగు. ఏడు నడుము దగ్గర వేలు ఆగింది. తల తిప్పి నన్ను చూశాడు. మళ్లీ గోడ చూశాడు.

"నేనే రాసిన సారూ," అన్నాడు.

"నీకు చదువు రాదు కదయ్యా!"

"అక్షరం రాదు సారూ. నంబరు అస్తది."

"మరి పైన ఉన్న ముక్కలు ఎవరు రాశారు?"

"ఎవలో పుణ్యాత్ముడు రాసిపెట్టిండు సారూ."

"ఎవరా పుణ్యాత్ముడు?"

"మొఖం సూడలే సారూ. తలుపు ఏసున్నది."

మొగిలి కాక దగ్గినట్టు నటించి అవతలికి తిరిగాడు. ప్రసాదరావు గారు బొగ్గుముక్క తీసి బాపు చేతికిచ్చారు.

"ఏదీ, పక్కనే నీ నంబరు వెయ్యి. చేతిరాత చూస్తాను."

బాపు వేశాడు. ప్రసాదరావు గారు తల ఇటు వంచి, అటు వంచి రెండు నంబర్లనూ చూశారు. ఒకదాని నీడ ఒకటి. ఉండదా మరి? పలక మీద దిద్దించింది నేను.

"ఏడు మీద గీత కూడా అదే! సరే, నువ్వే. ఒప్పుకున్నాను. ఇప్పుడు నిన్నేం చెయ్యనయ్యా? సస్పెండ్ చేద్దామంటే ఉద్యోగంలో లేవు. మెడికల్‌కి పంపుదామంటే ముందే అన్‌ఫిట్‌వి."

ఇక నావల్ల కాలేదు. "సార్, అది బాపు కాదు, నేను..." అన్నాను.

"నువ్వు డ్యూటీకి పోరా, లేటైతంది," అన్నాడు బాపు. మొగిలి కాక నా మెడ మీద చెయ్యి వేసి, "పో" అన్నాడు. ఆ చెయ్యి కోపంగా లేదు. ఆయనకు ఎప్పటినుంచో తెలుసనిపించింది.

ప్రసాదరావు గారు సున్నం వేయించమని చెప్పి నాలుగడుగులు వేశారు. ఆగారు. కళ్లజోడు తీసి తుడుచుకుంటూ వెనక్కి వచ్చి, గొంతు బాగా తగ్గించి అడిగారు.

"ఓదెలూ, సాయంత్రం ఇంట్లోనే ఉంటావా?"

"ఉంట సారూ."

"ఊరికే. నీతో చిన్న పనుంది."

"రాండ్రి సారూ. చాయ్ తాగుదాం."

బాపు ల్యాంప్ రూం దాకా నాతో నడిచాడు. మోకాళ్ల నొప్పితో ఆయన నడక మెల్లగా ఉంది, నా నడక అంతకన్నా మెల్లగా ఉంది.

"తిట్టు బాపూ," అన్నాను.

"ఎందుకురా? భయమైతందని నాకు ఎరుకనే. మస్తున్నది, మస్తున్నది అంటుంటివి. ముప్పై ఏండ్లు దిగిన బాయి, అది ఎప్పుడు మస్తున్నదో నాకు తెల్వదా?"

"నీ పరువు తీసిన బాపూ."

"పరువేం పోలేదు. నిన్న మొన్న ఇంటికచ్చినోళ్లు అబద్ధం చెప్పలే గద. గోడ సూసి అచ్చినా, మనసు చెప్పుకునే పోయిండ్రు. నాకది చాలు." కొంచెం ఆగి అడిగాడు. "నీ నంబరెంతరా?"

నేను చిట్టీ కోసం జేబు తడుముకున్నాను.

"నేర్చుకో," అన్నాడు బాపు. "నా కొలువు తీసుకున్నవ్, మంచిది. నా నంబరు నాకు ఇడిసిపెట్టు. నీ భయం నీ నంబరు మీద రాసుకోవాలె."

లైన్లో నా వంతు రాబోతుండగా, ఇన్నాళ్లూ అడగలేకపోయింది అడిగేశాను.

"నువ్వెన్నడన్న భయపడ్డవా బాపూ?"

"రోజు."

"రోజా? మరి అందరు నిన్ను గంత ధైర్యం మనిషంటరు?"

బాపు నా నెత్తిమీది టోపీ సరిచేసి, ఎంతో మామూలుగా చెప్పాడు.

"నాకు రాసుడు రాకపాయె గదరా."

ఆ మాటకు నేను నవ్వాను. నవ్వుతూనే కిటికీ దగ్గరికి వెళ్లాను, నంబరు అడిగితే చిట్టీ చూడకుండా నాది నేను చెప్పాను. దిగేటప్పుడు మోకాళ్లు వణికాయి. పక్కన మొగిలి కాక "బూట్లు కరుస్తున్నయా?" అన్నాడు. "కాదు కాకా, భయమైతంది" అన్నాను. "అయితే నా ఎనుకనే నడువు" అన్నాడు, అంతే. చాలా ఏళ్లు అట్లాగే వణుకుతూ దిగాను, ఇప్పటికీ దిగుతున్నాను.

ఆ గోడకు సున్నం వేశారు, మళ్లీ రాశారు, మళ్లీ వేశారు. మధ్యలో కొన్నేళ్లు దాని మీద జై తెలంగాణ తప్ప ఇంకేమీ కనబడలేదు. రాష్ట్రం వచ్చాక ఎవరికో శుభ్రత మీద శ్రద్ధ పుట్టి, కింది నుంచి పైదాకా తెల్ల టైల్స్ వేయించారు. టైల్స్ మీద బొగ్గు నిలవదు. మనుషులు ఇప్పుడు ఏ గోడకు చెప్పుకుంటున్నారో నాకు తెలియదు. కొందరు మాత్రం సాయంత్రాలు మా ఇంటికి వస్తారు. అవ్వ చాయ్‌పత్త ఇప్పుడు పెద్ద ప్యాకెట్టే తెప్పిస్తుంది.

అందుచేత, మూడో సండాసు సాక్షిగా, అవ్వ గిన్నెల సాక్షిగా, నడుముకు గీత ఉన్న ఆ ఏడు సాక్షిగా, గంభీరంగా ప్రతిజ్ఞ చేస్తున్నాను. ఇకమీదట నేను గోడ మీద రాసినా, కాగితం మీద రాసినా, నా మాటకు నేనే పూచీ. ప్రాణం పోయినా సరే, నా రాత కింద మా బాపు నంబరు వేయను గాక వేయను.

ఇట్లు,
1647